ఒక్క మాట అనని స్పీకరు

మా పెదనాన్నది కోనసీమ. 1999 ఏప్రిల్ 17న వాజపేయి ప్రభుత్వం ఒక్క ఓటు తేడాతో పడిపోయిన సంగతి ఎప్పుడు మాటల్లోకి వచ్చినా ఆయన ఒకే చోట ఆగిపోతారు. "మన బాలయోగి ఆ రోజు కుర్చీలోంచి ఒక్క మాట అనుంటే చాలురా, ఆ ఒరిస్సా ముఖ్యమంత్రి ఓటు వేయకుండా లేచి బయటికి పోయేవాడు. మంచివాడే, కానీ మరీ మెత్తన" అంటారు. తమ ప్రాంతపు మనిషి మీద అభిమానంతో అన్న మాటే అయినా అందులో ఒక తీర్పు ఉంది. ఆ తీర్పును నేను ఒప్పుకోను. జిల్లా కోర్టులో ఇరవై ఏళ్లకు పైగా కేసులు నడుపుతున్నవాడిగా నాకు తోచేది వేరు. లోక్‌సభ స్పీకరుగా ఆ రోజు బాలయోగి చూపింది మెత్తదనం కాదు. ప్లీడరు గుమాస్తా కూడా ఎరిగిన ఒక ప్రాథమిక సూత్రాన్ని, దాన్ని పక్కన పెడితే తన వాళ్లకే లాభం కలిగే వేళ, ఆయన పాటించారు.

గంటి మోహన చంద్ర బాలయోగి 1951 అక్టోబరు 1న తూర్పు గోదావరి జిల్లా ఎదుర్లంకలో పుట్టారు. గౌతమి ఒడ్డున, యానానికి ఎదురుగా ఉన్న ఊరు అది. దళిత కుటుంబం. ఊళ్లో బడి లేక పొరుగున ఉన్న గుత్తెనదీవికి వెళ్లి చదువుకున్నారు. తరువాతి చదువు కాకినాడలో. కోనసీమ వారికి ఆ రోజుల్లో నది దాటడమంటే రేవులో నిలబడి పడవ కోసమో పంటు కోసమో ఎదురుచూడడమే కాబట్టి, చదువుకోవాలన్నా, ఆసుపత్రికి పోవాలన్నా, కోర్టు వాయిదాకు హాజరు కావాలన్నా ముందు గోదావరి అనుమతి కావాలి. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో ఎం.ఏ., న్యాయశాస్త్రం పూర్తిచేసి 1980లో కాకినాడలో ప్రాక్టీసు మొదలుపెట్టారు.

ఆయన జీవిత వివరాలు రాసేవారు ఈ ప్రాక్టీసు భాగాన్ని ఒక వాక్యంలో దాటవేసి రాజకీయాలలోకి వెళ్లిపోతారు. నాకు మాత్రం అసలు విషయం ఇక్కడే ఉందనిపిస్తుంది. ముఫసిలు బారులో, అంటే జిల్లా స్థాయి కోర్టుల వకీళ్ల మధ్య, ఐదేళ్ల జూనియరు జీవితమంటే ఏమిటో చేసినవారికే తెలుస్తుంది. సీనియరు గారి కట్టలు మోయడం, వాయిదాలు అడగడం, కక్షిదారు చెప్పే పది మాటల్లో చట్టానికి పనికివచ్చే ఒక్క మాటను ఏరుకోవడం. దావా పట్టుకుని వచ్చిన కక్షిదారుకు న్యాయం కావాలి. వకీలు మాత్రం ముందుగా ఆ న్యాయం చెప్పే అధికారం ఈ కోర్టుకు ఉందా లేదా అని చూసుకోవాలి. అధికార పరిధి లేని చోట ఎంత గొప్ప తీర్పు వచ్చినా అది చిత్తుకాగితం. ఈ సంగతి పుస్తకంలో చదివితే ఒంటపట్టదు, రెండు మూడు దావాలు ఆ కారణంగా కొట్టివేతకు గురయ్యాక ఒంటపడుతుంది.

1985లో ఆయన ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటుగా ఎంపికయ్యారు, కొద్దికాలానికే ఆ పదవి వదులుకున్నారు. ఎదుర్లంక నుంచి వచ్చిన ఒక దళిత యువకుడికి మేజిస్ట్రేటు కుర్చీ అంటే ఆ కాలంలో చిన్న సంగతి కాదు; జీతం, భద్రత, గౌరవం అన్నీ అందులో ఉన్నాయి. దాన్ని వదిలి రాజకీయాలలోకి దిగారు. 1982లో పుట్టిన తెలుగుదేశం అప్పటికి ప్లీడర్లకు, డాక్టర్లకు, పట్టభద్రులకు ఇదివరకెన్నడూ లేనంత విశాలంగా తలుపులు తెరిచి ఉంది. 1987లో తూర్పు గోదావరి జిల్లా ప్రజా పరిషత్ అధ్యక్షుడయ్యారు, 1991లో అమలాపురం నుంచి పదో లోక్‌సభకు ఎన్నికయ్యారు. 1996లో అక్కడే ఓడిపోయి, అదే ఏడాది ముమ్మిడివరం ఉప ఎన్నికలో గెలిచి శాసనసభకు వెళ్లి, ఉన్నత విద్యాశాఖ మంత్రిగా పనిచేశారు. 1998లో తిరిగి అమలాపురం ఆయనను ఢిల్లీకి పంపింది.

ఆ ఎన్నికలలో తెలుగుదేశానికి వచ్చినవి పన్నెండు స్థానాలు. అంతవరకు యునైటెడ్ ఫ్రంటులో ఉన్న పార్టీ, ఫలితాల తరువాత వాజపేయి ప్రభుత్వానికి బయటినుంచి మద్దతు ఇవ్వడానికి సిద్ధపడింది. 1998 మార్చి 24న బాలయోగి స్పీకరుగా ఎన్నికయ్యారు, నాలుగు రోజుల తరువాత మార్చి 28న ప్రభుత్వం 274–261 ఓట్లతో విశ్వాసం పొందింది. ఆయనకు అప్పుడు నలభై ఆరేళ్లు. అంత చిన్న వయసులో అంతకుముందు ఎవరూ ఆ కుర్చీ ఎక్కలేదు, దళితులలో అయితే ఆయనే మొదటివారు. ఒక్క దఫా మాత్రమే లోక్‌సభ సభ్యుడిగా ఉన్న మనిషి, బేరంలో భాగంగా వచ్చిన పదవి, కనుక ఈయన ఏం నడుపుతాడు అన్న అనుమానం ఢిల్లీలో ఉండడం సహజమే. బేరం జరిగిన మాట నిజం కాదని నేను వాదించను. కానీ ఆ బేరంలో తెలుగుదేశం చెల్లించిన ధర గురించి ఎవరూ మాట్లాడరు. స్పీకరు మొదటి విడతలో ఓటు వేయకూడదు. పన్నెండుగురు సభ్యులున్న పార్టీకి సభలో మిగిలినవి పదకొండు ఓట్లే. పదమూడు నెలల తరువాత ప్రభుత్వం ఎన్ని ఓట్ల తేడాతో పడిపోయిందో గుర్తు తెచ్చుకుంటే ఈ లెక్క కొంచెం చేదుగా ఉంటుంది.

ఇక ఏప్రిల్ 17 సంగతి. అన్నా డీఎంకే మద్దతు ఉపసంహరించుకోవడంతో, రాష్ట్రపతి కె.ఆర్. నారాయణన్ సూచన మేరకు వాజపేయి విశ్వాస తీర్మానం పెట్టారు. గిరిధర్ గమాంగ్ కోరాపుట్ నుంచి కాంగ్రెస్ లోక్‌సభ సభ్యుడు. అంతకు సరిగ్గా రెండు నెలల ముందు, ఫిబ్రవరి 17న, ఒరిస్సా ముఖ్యమంత్రిగా ప్రమాణం చేశారు. లోక్‌సభ సభ్యత్వానికి మాత్రం రాజీనామా చేయలేదు. ఓటింగు రోజున ఆయన సభకు వచ్చి కూర్చున్నారు. ఒక రాష్ట్రానికి ముఖ్యమంత్రిగా ఉన్నవాడు కేంద్ర ప్రభుత్వం భవిష్యత్తు తేల్చే ఓటు ఎలా వేస్తాడని అధికారపక్షం అభ్యంతరం చెప్పింది. స్పీకరు ఆ నిర్ణయాన్ని గమాంగ్ విచక్షణకు వదిలేశారు. గమాంగ్ ఓటు వేశారు. అనుకూలంగా 269, వ్యతిరేకంగా 270.

పెదనాన్న కోరుకునే ఆ ఒక్క మాటకు చట్టంలో ఆధారం వెతుకుదాం. మొదటి ప్రశ్న, ముఖ్యమంత్రి అయిన క్షణంలో లోక్‌సభ సభ్యత్వం పోతుందా? పోదు. రాజ్యాంగం 101వ అధికరణం ఒకే మనిషి పార్లమెంటులోను, రాష్ట్ర శాసనసభలోను ఏకకాలంలో సభ్యుడిగా ఉండకూడదంటుంది, కానీ గమాంగ్ అప్పటికి ఒరిస్సా శాసనసభ సభ్యుడు కారు. సభ్యుడు కాకుండానే ఆరు నెలలు మంత్రిగా ఉండే వెసులుబాటు 164వ అధికరణం ఇస్తుంది. రెండో ప్రశ్న, ముఖ్యమంత్రి పదవి సభ్యుడిని అనర్హుడిని చేసే లాభదాయక పదవి కాదా? కాదు. 102వ అధికరణంలోని వివరణే ఆ సంగతి తేల్చేసింది. కేంద్రంలోగాని రాష్ట్రంలోగాని మంత్రిగా ఉన్నంత మాత్రాన లాభదాయక పదవిలో ఉన్నట్టు భావించకూడదని అందులో స్పష్టంగా ఉంది. మూడో ప్రశ్న, పోనీ అనర్హత ఉందనే అనుకుందాం, దాన్ని తేల్చేది ఎవరు? 103వ అధికరణం ప్రకారం రాష్ట్రపతి, అది కూడా ఎన్నికల సంఘం అభిప్రాయం తీసుకుని. స్పీకరు చేతిలో ఉన్నది పదో షెడ్యూలు, అంటే పార్టీ ఫిరాయింపుల వ్యవహారం ఒక్కటే. గమాంగ్ ఏ పార్టీనీ ఫిరాయించలేదు, తన పార్టీ చెప్పినట్టే ఓటు వేశారు.

రాజ్యాంగం ఇంకా ముందుకు ఆలోచించింది కూడా. అర్హత లేని మనిషి ఎవరైనా సభలో కూర్చున్నట్టు, ఓటు వేసినట్టు తరువాత బయటపడినా సభా కార్యకలాపాలు చెల్లుతాయని 100వ అధికరణంలో ఉంది. అర్హత లేదని తెలిసి కూర్చున్నవాడికి రోజుకు అయిదు వందల రూపాయల జరిమానా 104లో ఉంది. అంటే సభ్యుడి అర్హత మీద సందేహం వచ్చినప్పుడు కుర్చీలో ఉన్నవాడు అప్పటికప్పుడు చేయి పట్టుకుని బయటికి పంపే ఏర్పాటు రాజ్యాంగకర్తలు ఉద్దేశపూర్వకంగానే పెట్టలేదు. ఓటు హక్కు ఉన్న సభ్యుడిని నీవు ఓటు వేయవద్దని ఆదేశించే అధికారం స్పీకరుకు లేదు. లేని అధికారాన్ని వాడనందుకు ఒక మనిషిని మెత్తనివాడని అనడం, పక్క జిల్లా దావా తీసుకోనందుకు మునసబును పిరికివాడని అన్నట్టు ఉంటుంది.

చట్టం సరే, ఔచిత్యం మాటేమిటి అని అడగవచ్చు. అడగాల్సిన ప్రశ్నే. భువనేశ్వర్‌లో ప్రభుత్వం నడుపుతున్న మనిషి ఢిల్లీకి వచ్చి ఓటు వేసి మళ్లీ వెళ్లిపోవడం నాకు ఇప్పటికీ బాగనిపించదు. ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసిన వారంలోపే ఆయన లోక్‌సభ స్థానం వదులుకుని ఉంటే హుందాగా ఉండేది. కానీ అది గమాంగ్‌ను, ఆయన పార్టీని నిలదీయాల్సిన ప్రశ్న. ఔచిత్యం అనేది మనిషి తనకు తాను వేసుకునే కట్టు. పైనుంచి ఇంకొకరు వేస్తే అది ఆదేశం అవుతుంది, ఆదేశానికి అధికారం కావాలి. చట్టం గమాంగ్‌ను ఆపదు గనుక ఔచిత్యాన్ని ఆయనే చూసుకోవాలి అని చెప్పడంలో బాలయోగి ఆ రెంటినీ విడివిడిగా ఉంచారు. ఆ తేడా తెలియని రాజకీయ నాయకులు కోకొల్లలు, తెలిసీ అవసరానికి కలిపేసే ప్లీడర్లు అంతకంటే ఎక్కువమంది.

ఈ కథలో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది మాత్రం వేరే ఉంది. గమాంగ్ ఓటు వేయకుండా ఉండి ఉంటే, మిగిలినదంతా అలాగే జరిగి ఉంటే, లెక్క 269–269 అయ్యేది. ఓట్లు సమానమైనప్పుడు స్పీకరుకు నిర్ణాయక ఓటు ఉంటుంది. ఉండడమే కాదు, ఆయన దాన్ని వాడి తీరాలని 100వ అధికరణం భాష. అంటే గమాంగ్‌ను ఆపే ఆ ఒక్క మాట బాలయోగి అని ఉంటే, మరుక్షణం దేశ ప్రభుత్వం భవితవ్యం బాలయోగి వేలికొసకు వచ్చి ఉండేది. ఆయన పార్టీ తీర్మానాన్ని బలపరుస్తోంది. ఆయనను ఆ కుర్చీలో కూర్చోబెట్టింది ఆ ఏర్పాటే. ముందు ప్రత్యర్థి ఓటు తీసేసి, తరువాత తన ఓటు వేసి ప్రభుత్వాన్ని నిలబెట్టాడన్న ముద్ర ఆయనకే కాదు, ఆ పదవికే శాశ్వతంగా పడేది. ఓటింగుకు ముందు ఈ లెక్క ఇంత కచ్చితంగా ఎవరికీ తెలియదు, నిజమే. కానీ సంఖ్యలు అంచుమీద ఉన్నాయన్నది సభలో ఉన్న ప్రతి ఒక్కరికీ తెలుసు. తన ఆదేశం తన చేతికే అధికారం తెచ్చిపెట్టే అవకాశం ఉన్నప్పుడు వెనక్కి తగ్గడం కోర్టులో న్యాయమూర్తుల నుంచి మనం ఆశించే గుణం. మేజిస్ట్రేటు పదవిని కొద్దికాలానికే వదులుకున్న మనిషిలో ఆ గుణం మిగిలే ఉంది.

ఇక్కడ ఒక చిన్న పక్కదారి. ఓట్లు సమానమైతే స్పీకరు ఉన్న స్థితిని ఉన్నట్టు ఉంచేలా ఓటు వేయాలన్నది బ్రిటిష్ పార్లమెంటు నుంచి వచ్చిన ఆనవాయితీ. విశ్వాస తీర్మానంలో ఉన్న స్థితి అంటే ఏది? ప్రభుత్వం ఉంది కాబట్టి దాన్ని ఉండనివ్వడమా, లేక సభలో మెజారిటీ లేనిదే ఏ తీర్మానమూ నెగ్గకూడదు కాబట్టి తీర్మానాన్ని ఓడించడమా? రెండు వైపులా గట్టిగా వాదించవచ్చు. ఆ వాదన వినే అదృష్టం మనకు దక్కలేదు, నాబోటి వాడికి అదొక చిన్న లోటు.

పెదనాన్న వాదనకు వ్యతిరేకంగా నా దగ్గర ఉన్న గట్టి సాక్ష్యం అధికరణాలలో కాదు, ఆరు నెలల తరువాత జరిగిన దానిలో ఉంది. లోక్‌సభ రద్దయింది, ఎన్నికలు జరిగాయి, తెలుగుదేశానికి 29 స్థానాలు వచ్చాయి, వాజపేయి మళ్లీ ప్రధాని అయ్యారు. 1999 అక్టోబరు 22న బాలయోగి రెండోసారి స్పీకరుగా ఏకగ్రీవంగా ఎన్నికయ్యారు. ఏప్రిల్‌లో ఆ ప్రభుత్వాన్ని పడగొట్టిన పక్షాలు కూడా ఆయనను కాదనలేదు. ఏప్రిల్ 17న ఆయన గమాంగ్‌ను ఆపి ఉంటే ఈ ఏకగ్రీవం దొరికేదా?

ఇంతవరకు ఆయన పక్షాన వాదించాను. ఆ నిగ్రహం అన్ని సందర్భాలలోనూ ఫలించిందని మాత్రం అనలేను. 1998 జూలైలో మహిళా రిజర్వేషన్ బిల్లును ప్రవేశపెట్టబోతే ఆర్జేడీ సభ్యుడొకరు ప్రతులను లాక్కుని సభలోనే చించేశారు. బిల్లు ప్రవేశపెట్టడం ఆ డిసెంబరులో గాని కుదరలేదు. మహిళా రిజర్వేషన్ చట్టం రావడానికి 2023 దాకా పట్టింది. సభ్యులు కుర్చీ ముందుకు దూసుకురావడం, నినాదాలు, వాయిదాలు ఆయన కాలంలో నిత్యకృత్యం. అధికార పరిధి లేని చోట ఆగడం వివేకం. సభలో క్రమశిక్షణ మాత్రం పూర్తిగా స్పీకరు పరిధిలోనిదే, అక్కడ ఆయన ఇంకాస్త గట్టిగా ఉండాల్సింది. నచ్చజెప్పడం మీద ఆయనకు ఉన్న నమ్మకాన్ని సభ చాలాసార్లు అలుసుగా తీసుకుంది.

ఆ సంగతి ఆయనకూ తెలిసినట్టే ఉంది. 2000 మేలో లోక్‌సభకు మొదటి నైతిక విలువల సంఘాన్ని మాజీ ప్రధాని చంద్రశేఖర్ అధ్యక్షతన ఏర్పాటు చేశారు. 2001 నవంబరులో చట్టసభలలో క్రమశిక్షణ, మర్యాదల మీద ముఖ్యమంత్రులను, సభాపతులను, పార్టీల నాయకులను ఢిల్లీలో ఒకచోట కూర్చోబెట్టారు. ఆ డిసెంబరులోనే లోక్‌సభ నిబంధనలలో 374-ఎ చేరింది. కుర్చీ ముందుకు దూసుకువచ్చి సభను అడ్డుకునే సభ్యుడి పేరు స్పీకరు ప్రకటిస్తే చాలు, వరుసగా ఐదు సమావేశ దినాలకో లేదా ఆ సమావేశాలు ముగిసేదాకానో, ఏది తక్కువైతే అంతకాలం, అతను తనంతట తానే సస్పెండు అవుతాడు. తీర్మానం అక్కరలేదు, ఓటింగు అక్కరలేదు. అంతకుముందు నచ్చజెప్పే స్పీకరుగా పేరుపడ్డ మనిషి కాలంలో ఇంత కటువైన నిబంధన రావడం మొదట వింతగా తోస్తుంది. వకీలు బుద్ధితో చూస్తే వింత లేదు. ఆయన లేని అధికారాన్ని చేతిలోకి తీసుకోలేదు, కావలసిన అధికారాన్ని సభచేతనే రాయించుకున్నారు. ఆ నిబంధన తెలుగువాళ్ల మీదికే తిరిగి వచ్చింది కూడా. 2014 ఫిబ్రవరిలో రాష్ట్ర విభజన బిల్లు పెట్టిన రోజు సభలో మిరియాల స్ప్రే కొట్టిన గొడవ తరువాత, పదిహేను మందికి పైగా సీమాంధ్ర సభ్యులను అప్పటి స్పీకరు మీరా కుమార్ సస్పెండు చేసింది ఈ 374-ఎ కిందనే.

2001 డిసెంబరు 13న పార్లమెంటు మీద దాడి జరిగినప్పుడు స్పీకరు ఆయనే. ఆ తరువాత మూడు నెలలు కూడా గడవలేదు. 2002 మార్చి 3న భీమవరం నుంచి హైదరాబాదుకు బయలుదేరిన హెలికాప్టరు కృష్ణా జిల్లా కైకలూరు దగ్గర చేపల చెరువులో కూలిపోయి, ఆయనతోపాటు పైలట్, అంగరక్షకుడు చనిపోయారు. ఆయనకు యాభై ఏళ్లు. పదవిలో ఉండగా మరణించిన స్పీకర్లలో తొలి స్పీకరు మవలంకర్ తరువాత ఆయన రెండోవారు. 1956లో మవలంకర్ పోయినప్పుడు ఆ కుర్చీలోకి వచ్చింది కూడా మనవైపు ప్లీడరే, చిత్తూరు బారు నుంచి వెళ్లిన అనంతశయనం అయ్యంగారు. బాలయోగి మరణించిన నెలలోనే ఉగ్రవాద నిరోధక చట్టం కోసం ఉభయసభల సంయుక్త సమావేశం జరిగింది. స్పీకరు అధ్యక్షత వహించాల్సిన ఆ సమావేశాన్ని డిప్యూటీ స్పీకరు పి.ఎం. సయీద్ నడిపారు.

ఇప్పుడు ఎదుర్లంక నుంచి యానానికి గౌతమి మీద బాలయోగి పేరుతో వారధి ఉంది, రేవులో ఎవరూ కాపు కాయనక్కరలేదు. హైదరాబాదులో గచ్చిబౌలి స్టేడియానికీ ఆయన పేరే. ఆయన తరువాత అమలాపురం ఉప ఎన్నికలో భార్య విజయకుమారి, 2024లో కొడుకు హరీష్ లోక్‌సభకు వెళ్లారు. ఆయన స్పీకరుగా ఉండగా మంజూరైన కోటిపల్లి–నరసాపురం రైలు మార్గం మాత్రం ఇంకా పూర్తికాలేదు. కోనసీమలో ఆయనను తలచుకునేవారిలో ఎక్కువమంది తలచుకునేది ఈ రైలు గురించే, ఆయన ఉండుంటే ఈపాటికి బండి తిరిగేదని.

పోయిన సంక్రాంతికి ఈ వాదనంతా అధికరణాల నంబర్లతో సహా పెదనాన్నకు వినిపించాను. ఓపికగా విన్నారు. చివర్లో అడిగారు, "సరే, గమాంగ్ తనంతట తనే లేచి వెళ్లిపోయి, చెరిసగం వచ్చుంటే మనవాడు ఎటు వేసేవాడు?" ప్రభుత్వం వైపే వేసేవారని నా నమ్మకం, అప్పుడు దేశమంతా పార్టీ కోసం వేశాడనే అనేదని కూడా చెప్పాను. "అననీరా," అన్నారు పెదనాన్న, "అప్పుడైతే నువ్వు ఇంకో వాదన చెప్పేవాడివిగా."